ఖైదీలు పూసిన సున్నం

పరాయి దేశంలో, నేనుండే సెంగ్‌కాంగ్‌లో మా అపార్ట్‌మెంటు బ్లాకుకు రంగులు వేసేవాళ్ళలో శ్రీకాకుళం నుంచి వచ్చిన మేస్త్రి ఒకాయన ఉండేవాడు. నేను ఫోన్లో తెలుగు మాట్లాడుతుంటే విని పలకరించాడు. ఒక ఆదివారం ఊళ్ళోని పాత చర్చి చూడడానికి వెళ్తూ ఆయన్నీ రమ్మన్నాను.

తెల్లటి గోడ పక్కన బోర్డు ఉంది. చదివి తెలుగులో చెప్పాను. ఇంగ్లీషువాళ్ళు ఇండియా నుంచి ఓడల్లో తెచ్చిన ఖైదీల చేత ఈ చర్చి కట్టించారట. పూత సున్నంలో గుడ్డు తెల్లసొన, పంచదార కలిపారట.

ఆయన వెళ్ళి అరచేత్తో గోడ నిమిరాడు.

"మా తాత గచ్చులో బెల్లం నీల్లు, కరక్కాయ కలిపీవోడమ్మా. ఇది మనోల్ల పనే. ఇంతకీ ఆల్లు ఏటి తప్పు సేసినారంట?"

బోర్డులో ఆ సంగతి లేదు.

"శిచ్చ అయిపోనాక ఇంటికెల్లిపోనారా?"

అదీ లేదు. నాకూ తెలుసుకోవాలనిపించి ఆ వారమంతా లైబ్రరీలో వెతికాను. కొందరు దోపిడీలు చేసినవాళ్ళు, కొందరు దొరల మీద తిరగబడినవాళ్ళు. శిక్ష తీరాక చాలామంది ఇక్కడే ఉండిపోయి పెళ్ళిళ్ళు చేసుకున్నారు. ఆయనకు ఫోన్ చేసి చెప్పాను.

"ఇక్కడోల్లనే పెల్లాడినారా?"

"అవును."

"అయితే ఈ ఊల్లో ఎవుల మొకంలోనో మనోల్లుంటారమ్మా. రేపట్నుంచి రైల్లో సూస్తాను."

మర్నాడు నేను కూడా రైల్లో ఎదుటి సీటులోని పెద్దావిడ మొహాన్నే చూస్తూ కూర్చుని, దిగాల్సిన స్టేషన్ దాటిపోయాను.