మా అత్తగారి ఫినాయిల్

ఫినాయిల్ వాసన తగిలితే చాలు, మా అత్తగారు గుర్తొచ్చి ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

నా తొమ్మిదో నెల పరీక్ష రిపోర్టు చూసి డాక్టరమ్మ, "కంటికి కనబడని పురుగుంది. నొప్పులు మొదలవగానే యాంటీబయాటిక్ ఎక్కించాలి, లేకపోతే బిడ్డకు అంటుకోవచ్చు" అంది. అత్తగారికి వినబడింది పురుగొక్కటే.

"పురుగేటి? కోటర్సంతా నాను రోజూ ఫినాయిలేసి కడుగుతన్నాను!" అని ఉక్కునగరంలో ఇంటింటికీ చెప్పుకుంది.

నొప్పులొచ్చిన రోజు సూది తెచ్చిన నర్సుకు అడ్డంగా నిలబడింది. "జొరమే నేదు, సూదేటి?"

"అత్తా, పురుగు ఇంట్లో కాదు, నాలో ఉంది! జరుగు!" అని అరిచాను.

"మెల్లగా సెప్పవే, పరువు పోతాది" అంటూ జరిగింది.

మందు ఎక్కింది. పాప ఆరోగ్యంగా పుట్టింది. అత్తగారు దాన్ని నఖశిఖపర్యంతం తడిమి చూసి, గెలిచినట్టు నా వైపు తిరిగింది.

"సూసావా? ఒక్క పురుగైనా ఉందేటి?"