బ్రేకు మీద కాలేసి చేసిన వనభోజనం

ఆ రోజుల్లో మా వైపు కారు నడపడం వచ్చిందంటే సగం లోకం చూసినట్టే లెక్క. నేనూ అలాగే అనుకునేవాణ్ణి. నరసన్నపేట నుంచి శ్రీకాకుళం దాకా బల్లపరుపు రోడ్డు మీద, లారీ నడిపే మా మావ దగ్గర నేర్చుకున్న విద్య నాది. ఆపిన బండి ఎప్పుడూ న్యూట్రల్లోనే ఉండాలని ఆయన నాచేత ఒట్టు వేయించుకున్నంత పని చేశాడు. (అప్పటి బళ్ళకి ముందు నుంచి ఇనప హ్యాండిలు పెట్టి తిప్పితేగానీ ప్రాణం వచ్చేది కాదు. గేరులో ఉన్న బండిని అలా తిప్పబోతే అది ఎగిరొచ్చి మా మావని గుద్దేసిందట.) కొండ మీద బండి ఎలా ఆపాలో ఆయన చెప్పలేదు. మా దారిలో కొండ లేదు గనక నేనూ అడగలేదు.

అరవైల చివరి మాట. నాకు ఇరవై రెండేళ్ళు. మా ఊరి రైసుమిల్లులో తవుడు బస్తాలు మోసేవాణ్ణి. మిల్లు యజమాని పెదబాబుగారి నల్లకారు డ్రైవరు పని మానేశాడు. కార్తీకంలో ఇంటిల్లిపాదినీ కొండమీది జీడితోటకి వనభోజనాలకి తీసుకెళ్ళి క్షేమంగా తెస్తే ఆ ఉద్యోగం నాదని, బండికి ఏమైనా అయితే మళ్ళీ బస్తాలేనని ఆయన చెప్పారు. మా అమ్మ అప్పుడే వీధంతా నన్ను డ్రైవర్ని చేసేసింది. నేను మాత్రం ముందురోజే మహా బలవంతుణ్ణిలా హ్యాండుబ్రేకు లాగి దాని తీగ తెంపేసి, ఆ సంగతి కడుపులో దాచుకున్నాను.

తోట దగ్గర రోడ్డంతా వాలు. కారు ముక్కు కిందికి పెట్టి, ఇంజను ఆపేసి, అందరూ దిగాక, మాతో వచ్చిన వంటాయన్ని బతిమాలి ముందు చక్రానికి ఒక చదును రాయి అడ్డం పెట్టించాను. ఇంక దిగుదామనుకునేలోగా ఆయనే తిరిగొచ్చాడు. పొయ్యికి రెండు రాళ్ళు దొరికాయట, మూడోది కావాలట. "నువ్వు బండిలోనే ఉన్నావు గదేటి, నీకు రాయెందుకు" అని లాగేసుకుని పోయాడు. కారు ఉలిక్కిపడింది. నేను బ్రేకు తొక్కాను. తొక్కిన కాలు తియ్యడానికి ఇంక దారి లేకపోయింది.

రాయికి పసుపు రాశారు, పొయ్యి వెలిగించారు, దాని మీద గుండిగ ఎక్కించారు. ఆ రాయి ఇంక నాది కాదు. ఇంకో రాయి తెమ్మని కేకేద్దామని నాలుగుసార్లు నోరు తెరిచాను. నాలుగుసార్లూ పెదబాబుగారు ఇటే చూశారు. రాయెందుకని అడిగితే తీగ సంగతి బయటపడుతుంది. ఎదురుగా వాలు, వాలు చివర మలుపు, మలుపు అవతల ఏమీ లేదు. గంట గడిచేసరికి కుడికాలు నాది అనిపించడం మానేసింది. పులిహోర తాలింపు వాసన వచ్చింది. పిల్లలు భోజనానికి పిలిస్తే ఆకలి లేదన్నాను. (ఆ అబద్ధం చెప్తుంటే నాకు నిజంగానే ఏడుపొచ్చింది.) డ్రైవరు ఎంత నమ్మకస్తుడో, బండి వదలడం లేదని ఆడవాళ్ళు మెచ్చుకోవడం వినిపించింది. మెచ్చుకోలు వింటూ చచ్చిపోవాలనుకోవడం అదే మొదటిసారి.

చివరికి పెదబాబుగారే వచ్చి పక్క సీట్లో కూర్చున్నారు.

"దిగవేట్రా?"

"దిగితే బండి పోతాది బాబూ," అన్నాను. ఆ తర్వాత తీగ, రాయి, బస్తాలు, మా అమ్మ, అన్నీ ఏడుస్తూ చెప్పేశాను.

ఆయన క్లచ్చి తొక్కమన్నారు. గేరు కర్రని తనే రివర్సులోకి నెట్టి, స్టీరింగు కొండవైపు తిప్పించి, క్లచ్చి వదిలి, ఆనక బ్రేకు మీది కాలు మెల్లగా తియ్యమన్నారు. తీశాను. కారు ఒక్కసారి నిట్టూర్చి, గేరే చక్రాలని పట్టేసినట్టు అక్కడే నిలబడింది. రెండు గంటల నా నరకానికి మందు నా ఎడమచేతి దగ్గరే ఉంది.

"నిన్ననే సెప్పుంటే తీగ మార్పించేద్దుం గదరా," అన్నారు ఆయన, కోపం లేకుండా. ఆ కోపం లేకపోవడమే నేను భరించలేకపోయాను. దిగితే కాలు ఆనలేదు. ఆయనే భుజం పట్టుకుని విస్తరి దాకా నడిపించారు.

ఉద్యోగం ఇచ్చారు. ఇరవై ఏళ్ళు చేశాను, ఎన్నో కొండల మీద బండి భద్రంగా నిలబెట్టాను. నన్ను నేను మాత్రం మార్చుకోలేకపోయాను. మొన్న పన్నుపోటుతో వారం రోజులు గంజి తాగుతూ, గంజి అంటే ఇష్టమని మా ఆవిడకి చెప్పాను. ఆవిడ చెప్పులేసుకుని, పద డాక్టరు దగ్గరికి అంది.