చేటలతో చేసిన ముట్టడి

నా చిన్నప్పుడు నేను కళ్ళారా చూసిన యుద్ధం ఒక్కటే. అది రాయపూర్ రైల్వే ఇన్‌స్టిట్యూట్ హాల్లో, పేకాట బల్ల పక్కన జరిగింది. నవ్వకండి. ఆ తరవాత యుద్ధాల మీదా రాయబారాల మీదా ఎన్నో పుస్తకాలు చదివాను. ఏ సేనాపతీ మా మేనత్తకు సాటి వస్తాడనిపించలేదు.

మాది విజయనగరం వైపు. నాన్న రాయపూర్‌లో రైల్వే గార్డు. ఆయన అక్క, అంటే మా మేనత్త, మాతోనే ఉండేది. దేశానికి స్వతంత్రం వచ్చిన కొత్త రోజులవి. బజారుకు వెళితే అంతా హిందీ, ఛత్తీస్‌గఢీ. మా క్వార్టర్ల లైనులో మాత్రం తెలుగే. తెలుగు పుస్తకాలు దొరికే చోటు రైల్వేవాళ్ళ క్లబ్బులాంటి ఆ ఇన్‌స్టిట్యూట్ ఒక్కటే, అదీ ఒక్క బీరువా. నాన్న బండి మీద వెళ్ళినప్పుడు ఆయన కార్డు పట్టుకుని నేనే పుస్తకాలు తెచ్చుకునేదాన్ని.

అలా ఒకసారి అట్ట ఊడిన లావుపాటి పుస్తకం దొరికింది. దేశదేశాల యుద్ధాలు, రాజుల మధ్య నడిచిన రాయబారాలు, ఎడారులు దాటి వెళ్ళినవాళ్ళ ముచ్చట్లు అన్నీ అందులో ఉన్నాయి. మధ్యాహ్నం పూట అత్త రేషను బియ్యంలో రాళ్ళేరుతుంటే నేను పైకి చదివేదాన్ని. అత్తకు చదువు రాదు గానీ చెవులు మహా చురుకు. ఆ పుస్తకంలో ఒకచోట శత్రువులు ఒక కోటను చుట్టుముట్టారు. లోపల తిండిగింజలు అయిపోవచ్చాయి. ఒక ముసలి రాయబారి ఒంటరిగా శత్రువుల గుడారానికి బయలుదేరాడు. సరిగ్గా అక్కడికొచ్చేసరికి పుస్తకం గడువు తీరింది. మళ్ళీ రాయించుకుందామని పట్టుకెళితే, ఇన్‌స్టిట్యూట్ వ్యవహారాలు చూసే హెడ్ క్లర్కుగారు పుస్తకం లాక్కుని బీరువాలో పెట్టి తాళం వేశారు. "ఆడపిల్లవి, నీకు యుద్ధాలెందుకే? వంటల పుస్తకముంది, పట్టుకెళ్ళు" అన్నారు. పేకాడుతున్న పెద్దమనుషులు ఘొల్లున నవ్వారు.

నాకు ఒళ్ళు మండిపోయింది. ఏడుస్తూ ఇంటికొచ్చాను. అత్త ముందు నన్నే కసిరింది. "ఏడిస్తే తాళాలూడతాయేటే గుంటా? ఆ ముసలోడు గుడారంలోకి ఎల్లేడు. బతికొచ్చేడో లేదో తెలీకపోతే నాకు ముద్ద దిగుతాదేటి?" అంది.

నాన్న వచ్చాక ఆయనచేత అడిగిద్దామన్నాను. అత్త వద్దంది. నాన్న మొహం చూసి ఇస్తే, నాన్న బండెక్కగానే మళ్ళీ తాళం పడుతుందంది. సభ్యుల ఇంటివాళ్ళెవరైనా హాల్లో కూర్చుని చదువుకోవచ్చని అక్కడ గోడ మీద రాసుందని నేనెప్పుడో చెప్పాను. అది నిజమేనా అని మాత్రం మళ్ళీ అడిగి తెలుసుకుంది.

మర్నాడు మధ్యాహ్నం అత్త చేట నిండా బియ్యం పోసుకుని బయలుదేరింది. వెనక నేనూ, మా లైనులో ఆడవాళ్ళు కొందరూ. అందరి చేతుల్లోనూ చేటలే. "ఇంట్లో గర్మీ ఎక్కువగున్నాది బాబూ. పంకా కింద కూకుని పిల్లచేత సదివించుకుంటాం" అంటూ అత్త పేకాట బల్ల పక్కనే చతికిలబడింది. హెడ్ క్లర్కుగారు గోడ వైపు చూశారు, అత్త వైపు చూశారు, బీరువా తీశారు. నేను గొంతెత్తి చదివాను.

మావాళ్ళలో ఒక పద్ధతుంది. పెద్ద వయసు ఆడవాళ్ళ ఎదుట మగవాళ్ళు పొగ తాగరు, పేక పట్టరు. అత్త నమ్ముకున్నది దాన్నే. పెద్దమనుషులు ముక్కలు బోర్లించి, ఒక్కొక్కరే చల్లగా జారుకున్నారు. మర్నాడూ వెళ్ళాం, ఆ మర్నాడూ వెళ్ళాం. అత్త నన్ను రాయబారి దగ్గరికి మాత్రం రానిచ్చేది కాదు. చదివిన పేజీలే మళ్ళీ చదివించేది. కథ అయిపోతే ఇక్కడ మనకేం పనుంటుందని ఆవిడ లెక్క. తెలుసుకోవాలని తనకెంత ఆత్రంగా ఉందో నాకు తెలుసు. అయినా ఓర్చుకుంది.

కోట సంగతి లైనంతా పాకింది. చివరికి హెడ్ క్లర్కుగారి కన్నతల్లే చేట పట్టుకుని వచ్చి, కోట ఏమైందని అడుగుతూ నా పక్కన కూర్చుంది. తల్లి ఎదుట ఆయన సిగరెట్టు ఎలా ముట్టిస్తారు, పాపం. కాసేపు అటూ ఇటూ తిరిగి అత్త దగ్గరికొచ్చి, "అక్కగారూ, పుస్తకం ఇంటికి పట్టుకెళ్ళమనండి" అన్నారు మెల్లిగా.

నేను గభాల్న లేచాను. అత్త చెయ్యి పట్టి కూర్చోబెట్టేసింది. ఈ ఒక్క పిల్లకూ ఈ ఒక్క పుస్తకమూ కాదు, మన లైనులో ఏ ఆడపిల్ల ఏ పుస్తకం అడిగినా ఇవ్వాలంది. ఆయన తల్లి వైపు చూసి, ఒప్పుకున్నారు. ఆ తరవాత అత్త చేసిన పని నాకు బొత్తిగా నచ్చలేదు. ఇంత మంచి మాట మీ నోట వస్తేనే బావుంటుంది బాబూ అంది. ఆయన మొహం విప్పారింది. సాయంత్రం పెద్దమనుషులందరికీ అది తన ఆలోచనే అన్నట్టు చెప్పుకున్నారట.

దారి పొడుగునా అత్తతో పోట్లాడాను. గెలిచింది మనమైతే పేరు ఆయనకెందుకని. అత్త అంది: "పేరు ఆయన్ని ఉంచుకోనీ. బీరువా మనకొచ్చింది. ఓడినోడికి పరువుగా ఎల్లడానికి ఒక గుమ్మం వదలాలే. లేపోతే రేపు మళ్ళీ యుద్ధానికొస్తాడు."

కాళ్ళయినా కడుక్కోకుండా పుస్తకం తెరిచాను. రాయబారి బతికే వచ్చాడు. శత్రువును పరువుగా వెనక్కి మళ్ళించి మరీ వచ్చాడు. అత్త బియ్యంలోంచి ఒక రాయి ఏరి పారేసి, తనకు ముందే తెలుసునంది. కళ్ళు మాత్రం తుడుచుకుంది.

ఆ తరవాత నా బతుకులో "ఇది నీకెందుకమ్మా" అన్నవాళ్ళకు కొదవ లేదు. చరిత్ర చదువుతానంటే అన్నారు, ఉద్యోగం చేస్తానంటే అన్నారు. మొన్నటికి మొన్న లైబ్రరీలో యుద్ధాల పుస్తకం అడిగితే, భక్తి పుస్తకాలు అటువైపున్నాయి మామ్మగారూ అన్నాడొకడు. నేను అరవలేదు. కుర్చీ లాక్కుని వాడి ఎదురుగానే కూర్చున్నాను. నాకేం తొందర లేదు నాయనా, అన్నాను.