అక్క చేసిన కంప్యూటర్

మా అక్క బెంగళూరులో కంప్యూటర్లు తయారుచేసే కంపెనీలో పనిచేసేది. విదేశీ యంత్రాలను సులువుగా రానివ్వని రోజులవి. మనకు కావాల్సినవి మనమే చేసుకోవాలని అప్పట్లో పెద్ద పట్టుదల. తర్వాత దిగుమతులకు దారి తెరిచారు. బయటి సరుకు చవగ్గా వచ్చిపడింది, కంపెనీ మూతపడింది. ఆఖరి రోజున అక్క ఒక పాత కంప్యూటర్‌ని అడిగి తెచ్చుకుంది. అందులోని బోర్డు తన చేతి మొదటి పనట. అద్దె గదిలో చోటు లేక, ఎమ్మిగనూరులో నా దగ్గర దాచమంది. మా ఊరి కరెంటుకు కాలిపోతుందని, ఆన్ చేయనని ఒట్టు కూడా వేయించుకుంది.

నేను మగ్గం నేసేవాణ్ణి. ఒట్టు తప్పలేదు. ఏటా ఆయుధపూజకు మగ్గానికి బొట్టు పెట్టి, పక్కనున్న కంప్యూటర్‌కూ పెట్టి బంతిపూల మాల వేసేవాణ్ణి. మా అక్క చేసిందని వచ్చినవాళ్లందరి దగ్గరా గొప్పలు పోయేవాణ్ణి.

మొన్న దసరా దాటాక అక్క వచ్చింది. మన దేశంలో తయారైన పాత కంప్యూటర్లను ప్రదర్శనకు పెడతామని ఒక కాలేజీవాళ్లు అడిగారట. ఆమె ముఖంలో అంత సంతోషం నేనెప్పుడూ చూడలేదు. గదిలోకి వెళ్లి, వాడిన మాల వేలాడుతున్న తెర ముందు ఆగిపోయింది.

"కంప్యూటరు యాడరా?"

"అదే గదక్కా."

"ఇది తెర. దీని కింద ఇనుప పెట్టె ఉండెనే, బోర్డు దాంట్లోనే గదరా?"

ఆ పెట్టెను నేను పీట అనుకున్నాను. తుప్పు పట్టిందని, పండగ ముందు ఇల్లు దులిపినప్పుడు పాత సామాన్ల బండికి వేసేసి, తెరకు టేకు స్టూలు చేయించాను. ఎవడైనా చీరను దాచుకుని మగ్గాన్ని పొయ్యిలో పెడతాడా? నేను పెట్టాను.

ఆ బండివాడు సరుకు వేసేది ఆదోనిలోనని తెలిసి, బస్సెక్కి వెళ్లాం. పాత సామాన్ల కొట్టు భాయ్ మంచి మనిషి, ఉన్న గోతాలన్నీ కుమ్మరించి వెతికాడు. అలాంటి పెట్టె వచ్చిన మాట నిజమేనని, ఇనుము కరగడానికి వెళ్లిపోయిందని చెప్పాడు. బోర్డులో పిసరంత బంగారం ఉంటుందట, దానికోసం కొనుక్కెళ్లినవాళ్లు ఈపాటికి యాసిడ్‌లో వేసి ఉంటారట. అక్క అరుగు మీద కూలబడింది. ఏడవలేదు. తన వేళ్లు చూసుకుంటూ ఉండిపోయింది. ఆ వేళ్ల కొసల మీద చిన్న చిన్న కాలిన మచ్చలున్నాయి. అవెప్పటివో నాకు తెలియదు.

తిరుగు బస్సులో ఆ మచ్చలే కళ్లముందు మెదులుతున్నాయి. అన్నేళ్లు ఉద్యోగం చేసింది కదా, సెలవెప్పుడని, ఏ బస్సుకొస్తావని అడిగేవాళ్లమే గానీ, ఆమె పని ఏమిటని మా ఇంట్లో ఒక్కరమూ అడగలేదు. సిగ్గుతో తల దించుకునే అడిగాను.

"ఆ బోర్డులో నువ్వేం పని సేస్తాంటివక్కా?"

అక్క తల తిప్పి నా వైపు చూసింది.

"ఇప్పుడడుగుతాండావు," అంది.