మూరెడు మిగిలిన గుడ్డ

సుమ్మాదేవి ఊళ్ళో ఉండే నేతత్త పోయిందని కిందటి నెల ఒక ఆదివారం పొద్దున్నే మా భావనపాడు అంతా తెలిసిపోయింది. విన్నవాళ్ళెవరూ అయ్యో అనలేదు. ముందు తల దించుకున్నారు. నేను చేపలు ఎండేస్తున్నదాన్ని బుట్ట అక్కడే వదిలేసి, ఎవరి మొహమూ చూడకుండా ఇంటికొచ్చేశాను. నా పెట్టె అడుగున ఏముందో నాకు తెలుసు. పక్కింటివాళ్ళ పెట్టెలో ఏముందో కూడా తెలుసు.

ఆవిడ నాకు మేనత్త కాదు, చుట్టమూ కాదు. ఉద్దానంలో అందరికీ అత్తే. కాలం నేసేది. ఆ పనివాళ్ళందరికీ ఉన్నట్టే ఎడమ మణికట్టు దగ్గర చర్మం కింద చింతగింజంత ఒకటి ఉండేది. దాన్ని గింజ అనే అనేవారు. చిన్నప్పుడే వాళ్ళమ్మ గాటు పెట్టి లోపల దూర్చిందట. మగ్గం ముందు కూర్చుంటే ఆ గింజలోంచి బూడిదరంగు నూలు వచ్చేది. ఆ నూలు ఆవిడ బతకాల్సిన రోజులే. పోయేవాళ్ళ మీద ఆ గుడ్డ కప్పితే, రావలసినవాళ్ళు వచ్చేదాకా ప్రాణం నిలిచేది. నిలిచినకొద్దీ గుడ్డ అంచు నుంచి కరిగిపోయేది. మిగిలిన ముక్క తెచ్చి ఆవిడ మణికట్టు మీద వేస్తే గింజ మళ్ళీ లోపలికి లాక్కునేది. అలా తిరిగివ్వాలన్నది మా వైపు పసిపిల్లలకీ తెలుసు.

అమ్మకి కిడ్నీలు పాడై, ఇంక ఆస్పత్రికి తిప్పొద్దు అన్నప్పుడు మా తమ్ముడు వీరావల్‌లో బోటు మీద ఉన్నాడు. ఎస్‌టీడీ బూతు నుంచి వాడికి కబురు పెట్టి, టెక్కలి మీదుగా పలాస వెళ్ళి, పాసింజరెక్కి సుమ్మాదేవిలో దిగాను. అత్త గుమ్మంలో కూర్చుని గంజి తాగుతోంది. ఎవరు వెళ్ళినా ఆవిడ అడిగేది ఒకటే.

"ఎవులు రావాల?"

రోగమేమిటని అడగదు, మీరెవరని అడగదు. తమ్ముడు గుజరాత్ నుంచి రావాలని చెప్పాను. గంజి గ్లాసు పక్కన పెట్టి లేచింది. నేస్తున్నంతసేపూ కబుర్లే. మా ఊళ్ళో చేప పడుతోందా అని, చర్చిలో తను పాట అందుకుంటే పాస్టరుగారు దగ్గు నటిస్తారని. నేను ఏడవడం మానేసి నవ్వాను కూడా.

అమ్మ మీద కప్పిన గుడ్డ కరిగిపోకముందే తమ్ముడు అందుకున్నాడు. అమ్మ వాణ్ణి చూసి "తిన్నావేట్రా" అంది. కాసేపు వాడి చెయ్యి పట్టుకుని, ఇంక చాలన్నట్టు గుడ్డ తనే పక్కకి తోసేసింది. ఆ ఒక్క మాట వాడికి దక్కిందంటే అది అత్త చలవే.

గుడ్డ మూరెడు మిగిలింది.

దినకార్యాలయ్యాక సుమ్మాదేవి వెళ్ళాను. గుడ్డ పట్టుకెళ్ళలేదు. అమ్మ వాసన వేస్తోంది మరి. దాన్ని పెట్టెలో దాచి, తెమ్మంటావా అత్తా అని మాటవరసకు అడగడానికి వెళ్ళాను. తెమ్మని ఎక్కడైనా అంటుందా? నా ఖాళీ చేతులు చూసింది.

"ఉంచుకోయే అమ్మీ. మీ యమ్మ వాసనుంటాది."

హమ్మయ్య అనుకున్నాను, సిగ్గులేకుండా. స్టేషన్లో జలంత్రకోట ఆయనొకరు బల్ల మీద కూర్చుని ఉన్నారు. ఆయనా అత్త దగ్గరికే వచ్చారట. ఆయన చేతుల్లోనూ ఏమీ లేదు. రైలు వచ్చేదాకా ఇద్దరం కొబ్బరి కాపు గురించి మాట్లాడుకున్నాం.

కిందటి నెల ఆవిణ్ణి శవపెట్టెలో పడుకోబెట్టారు. తల ముగ్గుబుట్ట, బుగ్గలు లోపలికి పోయాయి. ప్రార్థనలో చెప్పాలని పాస్టరుగారు వయసు అడిగారు.

"నలబై ఎనిమిదండి," అంది వాళ్ళ చెల్లెలు. "నాకంటే రొండేళ్ళే పెద్ద."

ఆ చెల్లెలి జుట్టు నల్లగా ఉంది. అప్పుడు చూశాను, పమిటల కింద, తువ్వాళ్ళ కింద, ఒక్కొక్కరి చంకలో ఒక బూడిదరంగు మడత. జలంత్రకోట ఆయన ముందుకెళ్ళి తన ముక్క ఆవిడ మణికట్టు మీద వేశారు. అది కదల్లేదు. తర్వాత నేను వేశాను. అమ్మ వాసన దాన్లోంచి ఎప్పుడో పోయింది. కలరా ఉండల వాసన గుప్పుమంది.

చెల్లెలు మమ్మల్ని తిట్టలేదు. తిట్టినా బాగుండేది.

"ఇల్లిల్లూ తిరిగి నాను అడిగి తెత్తానంటే అప్ప ఒప్పుకోనేదు. అయ్యి ఆళ్ళ యమ్మలవే, అడక్కే అంది."

పూడ్చాక ఆ గుడ్డలన్నీ మట్టి మీద పరిచి, పైన బంతిపూలు పోసి వచ్చేశాం. ఇంకేం చెయ్యాలో ఎవరికీ తోచలేదు.

నెల కావస్తోంది. ఎండలు మండిపోతున్నాయి. ఆ పూలు ఇంకా వాడలేదట. ఒక్క రెక్కయినా ముడుచుకోలేదట, ఇప్పుడే కోసినట్టున్నాయట. సుమ్మాదేవి నుంచి వచ్చినవాళ్ళు ఒకసారి వచ్చి చూడమంటున్నారు. వెళ్ళడానికి నాకు మొహం చెల్లడం లేదు.