ఒకే దొప్పలో తాగినవాళ్లు

సోంబరు పేరెత్తితే నాకు ముందు కోపం వస్తుంది, జాలి ఆ తర్వాత. హుకుంపేట అవతల కొండమీది సబ్‌సెంటర్లో నేను పద్దెనిమిదేళ్లుగా నర్సుని. పేరు నాగలక్ష్మి, ఆ పేరుతో ఇక్కడ ఎవరికీ పనిలేదు, అందరికీ నర్సమ్మనే. చేరిన కొత్తలో ఒకనాటి పొద్దున్న ఐదుగురు కుర్రాళ్లు టీటీ ఇంజెక్షన్‌కని వచ్చారు. ఐదుగురికీ ఎడమ బొటనవేలి మీద ఒకటే గాటు. ఏమైందంటే కత్తి గీరుకుందన్నారు. "ఐదుగురికీ ఒకే చోట గీరుకుందేటి, ఆ కత్తికి లెక్కలొచ్చా?" అని కసిరాను. ఒక్కడైనా నోరు విప్పితే ఒట్టు. ఆ ఐదుగురిలో సోంబరు ఒకడు.

ఆ సంగతి చాలా ఏళ్ల తర్వాత, రెండో కాన్పుకి వచ్చినప్పుడు, సోంబరు భార్య చిట్టి నా చెవిలో వేసింది. అడ్డాకులతో కుట్టిన దొప్పలో జీలుగు చెట్టు కల్లు పోసి, వేలు కోసుకుని తలో చుక్క రక్తం కలిపి, ఐదుగురూ ఆ ఒక్క దొప్పలోనే తాగుతారు. అప్పటినుంచి వాళ్లు దొప్పన్నలు. కొండమీద ఎక్కడ తాగుతారో, ఏమని ప్రమాణం చేస్తారో ఆడవాళ్లకు తెలియదు. తెలిసిందల్లా ఒక్కటే: ఏ అధికారి ముందూ ఒక దొప్పన్న మీద ఇంకో దొప్పన్న నోరెత్తకూడదు. తాతల నాడు గార్డులొచ్చి, పోడుకి అడవి నరికిందెవరని కొట్టి అడిగేవారట. ఎంత కొట్టినా ఒకడి నోట ఇంకొకడి పేరు రాకుండా కట్టుకున్న కట్టు ఇది. అప్పటికది మంచిదే, కాదనను.

ఆ ఐదుగురిలో బుధు రెండేళ్ల కిందట సిల్వర్ ఓక్ చెట్టుకి పాకించిన మిరియాలు కోస్తూ, పైనుంచి పడి చనిపోయాడు. భార్య సోములమ్మ, ఇద్దరు ఆడపిల్లలు, ఒక కాఫీ తోట మిగిలారు. మొన్న వేసవిలో పట్టాల కోసం సర్వే వస్తుందనగానే ఇంకో దొప్పన్న ధనరాజు ఆ తోట పైసగం తనదేనన్నాడు. హద్దు రాళ్లు కూడా జరిపేశాడు. ఆ రాళ్లు మొదట బుధుతో కలిసి పాతింది సోంబరే. ఉన్న ఒక్క సాక్షీ వాడే.

సర్వేకి నాలుగు రోజుల ముందు తలనొప్పని సోంబరు నా దగ్గరికి వచ్చాడు. బీపీ చూస్తే ఉండాల్సినదానికన్నా బాగా ఎక్కువుంది.

"ఏటి సోంబరూ, నిద్దరోతన్నావా నువ్వు?"

"నిద్దరెక్కడిది నర్సమ్మా. నోరిప్పితే దొప్ప మాట పోద్ది. ఇప్పకపోతే సోములమ్మ పిల్లలు ఏటి తింతారు? ఊరొదిలి పోదామంటే నా తోటా ఇక్కడే, నా పెళ్లామూ ఇక్కడే. ఎటూ దారి లేదమ్మా."

"ఆ దొప్పలోంచి బయటికి రాలేవా?"

"సచ్చినోడికొక్కడికే కట్టుండదు. ఆళ్లు నాకు సావుస్నానం సేసేస్తే నాను సచ్చినట్టే. నానడిగితే ఆళ్లు కాదనకూడదు, అదీ దొప్ప మాటే. అప్పుడు మాటాడొచ్చు."

"స్నానమే కదరా! వాళ్లని చేసుకోమను. నువ్వు బతికే ఉంటావుగా!"

ఆ మాట అన్నది నేనే. నా నోటికి కాస్త ఆలోచించి మాట్లాడటం ఎప్పుడు వస్తుందో తెలియదు. వాడు నాకేసి చూసి, మాత్రలు తీసుకుని వెళ్లిపోయాడు.

బుధవారం టీకాల పెట్టె భుజాన వేసుకుని దిగుతుంటే కొండవాగు గెడ్డలో ముగ్గురు మగాళ్లు కనిపించారు. గుండ్లు గీయించుకుని తలమీద నీళ్లు పోసుకుంటున్నారు. ధనరాజు ఒక దొప్పలోని కల్లు నేలమీద ఒంపి, దొప్పను రెండుగా చింపి నీళ్లలో వదిలేశాడు. ఎవరు పోయారా అని గబగబా దిగాను. తీరా చూస్తే ఒడ్డున రాయి మీద సోంబరు కూర్చుని ఉన్నాడు. తన చావుస్నానం తనే చూస్తున్నాడు. ముగ్గురూ వాడి పక్కనుంచే గట్టెక్కారు, ఒక్కడూ తలతిప్పి చూడలేదు. అప్పటికిగానీ నేనేం సలహా ఇచ్చానో నాకు తెలిసిరాలేదు.

మర్నాడు సోంబరు సర్వే వాళ్ల ముందు నిలబడి అసలు హద్దు చూపించాడు. పాత రాళ్ల గుంతలు అక్కడే బయటపడ్డాయి. తోట మొత్తం సోములమ్మ పేరున రాసుకున్నారు.

ఆ సంతోషంలో సోంబరు ఆమె గుమ్మంలోకి వెళ్లి పలకరించాడు. సోములమ్మ ముఖం తిప్పుకుని తలుపు వేసేసింది.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఆ సాయంత్రమే వెళ్లి దులిపేశాను. "సిగ్గులేదేటే? ఎవడివల్ల నీ పిల్లలకి తోట దక్కింది?"

ఆమె ఏడుస్తూనే చెప్పింది. "నా మొగుడూ ఆ దొప్పలో తాగినోడే కదా నర్సమ్మా. ఆళ్లకి సచ్చినోడు నాకూ సచ్చినోడే. పలకరిస్తే నా పిల్లల్నీ ఎలేస్తారు. నానేటి సెయ్యనమ్మా?"



వానలకి సోంబరు తోటలో కలుపు మోకాలెత్తు పెరిగింది. ఒకరి తోటకి ఒకరు వంతుగా పనికెళ్లే ఊరది. ఆ వంతుల్లో సోంబరు లేడు. అదే ఊళ్లో, అదే దారిన రోజూ నడుస్తాడు, ఎదురైన మనుషులు పక్కకి తప్పుకుంటారు. గాజులు తియ్యమన్నవాళ్ల మీద చిట్టి మాత్రం "నా మొగుడు నా ఎదుట అంబలి తాగుతుంటే నాను గాజులెందుకు తీస్తాను!" అని వీధిలో అరిచింది. సోంబరుకి బీపీ తగ్గలేదు, నేను మాత్రలు పెంచుతూ పోయాను.

కొత్త సామలు ఇంటికొచ్చాక పెద్దలకు పెట్టుకునే రోజున నేను సోంబరు వాకిట్లోనే ఉన్నాను, బీపీ చూడ్డానికని. సోములమ్మ వచ్చింది. చేతిలో అడ్డాకు, దానిమీద సామన్నం, కోడికూర. ఎవరికేసీ చూడలేదు. వాకిట్లో రాయిమీద ఆకు పెట్టి, "సోంబరన్నా, తినెల్లు" అని, పోయినవాళ్లని పిలిచినట్టే పిలిచి, వెనుదిరిగి వెళ్లిపోయింది.

చిట్టి భగ్గుమంది. "బతికున్నోడికి పిండమెడతావేటే! సచ్చినోళ్లకెట్టే ఉప్పులేని సప్పిడి కూడు మాకెందుకు!" అని ఆకు విసిరెయ్యబోయింది.

సోంబరు ఆమె చెయ్యి పట్టుకుని ఆపాడు. రాయి ముందు గొంతుక్కూర్చుని ఒక ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. నమలడం ఆగిపోయింది.

"సప్పిడి కాదే చిట్టీ," అన్నాడు. "ఉప్పేసింది."