ప్రళయం పుస్తకాలు, మొదటి షిఫ్టు

గని పని నుంచి దిగిపోయాక నాకు పట్టిన పిచ్చి ప్రళయం పుస్తకాలు. మా గోదావరిఖనిలో నాతోపాటు రిటైరైన వాళ్లలో కొందరు భజనలకు, కొందరు పేకాటకు చేరితే, నేను లోకం ఎలా మునుగుతుందో చదువుతూ కూర్చున్నాను. అణు కేంద్రం కరిగిపోయి ఊళ్లకు ఊళ్లు ఖాళీ అయ్యే పుస్తకం, యంత్రాలు మనుషులను పక్కకు నెట్టేసే పుస్తకం, వారం తిరక్కుండా ప్రభుత్వం కూలిపోయి రొట్టెముక్క కోసం ఇరుగుపొరుగు కొట్టుకునే పుస్తకం. తెలుగులో దొరికితే తెలుగు, లేదంటే నిఘంటువు పక్కన పెట్టుకుని ఇంగ్లిషు. మా ఆవిడ చాయ్ ఇస్తూ, ప్రళయం ఎక్కడిదాకా వచ్చింది, ఎసరు పెట్టాలా ఆగాలా అని అడిగేది.

ఆ పుస్తకాల మీద నాకు ఎంత ఇష్టమో అంత కోపం. అన్నింటిలోనూ ఒకటే తంతు. మొదటి పది పేజీల్లోనే సూచన కనిపిస్తుంది. గోడకు సన్నటి బీట, మీటరులో కాస్త పక్కకు జరిగిన ముల్లు, ఉన్నట్టుండి అరుపు ఆపేసిన పిట్టలు. కథలోని వాళ్లు మాత్రం చూడరు. పెళ్లిళ్లు చేసుకుంటుంటారు, కొత్త సోఫాలు కొనుక్కుంటుంటారు. వీళ్ల తెలివి తెల్లారినట్టే ఉంది అని నేను పైకే తిట్టేవాణ్ని. నిజం చెప్పాలంటే అందులోని రుచి కూడా అదే. లోకమంతా మునిగినా చదివేవాడు ఒడ్డున కూర్చుని చాయ్ తాగుతుంటాడు.

ఇంకో కోపం కూడా ఉంది. ఆ రచయితలకు చప్పుడు లేనిదే ఏదీ కూలదు. మా కాలనీలో క్వార్టర్లు ఒక్కొక్కటే ఖాళీ అయ్యాయి, భూగర్భ గనులు ఒకటి తర్వాత ఒకటి మూతపడ్డాయి, సాయంత్రం బజారు పలచబడింది. ఎవరూ కేకలు వేయలేదు, ఎవరూ పరుగెత్తలేదు. అలాంటి పుస్తకం రాస్తే ఎవరు కొంటారులే అని నాకు నేనే సర్దిచెప్పుకునేవాణ్ని.

మాకు ఒక్కతే బిడ్డ. మైనింగ్ చదివింది. నేను పలుగు పట్టుకుని దిగిన గనిలోకే అధికారిగా దిగుతోంది. భూగర్భంలోకి పోయే ఆడపిల్లలు ఇప్పటికీ వేళ్ల మీద లెక్కపెట్టేంతే. అందరికీ గొప్పగా చెప్పుకునేవాణ్ని కానీ, ఆమె డ్యూటీ దిగి ఇంటికి వచ్చేదాకా నా పానం కుదుటపడేది కాదు.

ఆ చలికాలం పొద్దున ఆమె మొదటి షిఫ్టుకు పోయింది. నేను వరండాలో కుర్చీ వేసుకుని, ఒక మహానగరం నేలలోకి కుంగిపోయే నవల పట్టుకున్నాను. ఇంతలో నిజంగానే నేల కదిలింది. వంటింట్లో గిన్నెలు గలగలమన్నాయి, కుర్చీ నాతోపాటు పక్కకు జరిగింది. మా ఆవిడ ఏమిటని అడిగింది. నేను తలెత్తకుండా బ్లాస్టింగ్ అని చెప్పి పేజీ తిప్పాను.

మాకది అలవాటు. పక్కనే ఓపెన్‌కాస్ట్ గని. అక్కడ బొగ్గు మీది రాయిని పేల్చినప్పుడల్లా కాలనీ మొత్తం ఊగుతుంది. చుట్టాలు హడలిపోయి వాకిట్లోకి ఉరుకుతారు, మేం చాయ్ ఒలకకుండా గ్లాసు పట్టుకుంటాం. ఆ పొద్దున కూడా మా వీధిలో ఒక్క తలుపు తెరుచుకోలేదు.

సగం పేజీ చదివాక నా చెయ్యి ఆగింది. బ్లాస్టింగ్ మధ్యాహ్నం కదా జరిగేది. ముందు సైరన్ వేస్తారు కదా. పొద్దున్నే ఏం బ్లాస్టింగ్? లేచి టీవీ పెడితే భూకంపం అని ఎర్రటి అక్షరాలు పోతున్నాయి. పది పేజీల్లోపు సూచన చూడని వాణ్ని ఇన్నేళ్లు తిట్టాను. ఈసారి ఆ మనిషిని నేనే.

మా ఆవిడ తడి చేతులతో వచ్చి నిలబడింది. బిడ్డకు ఫోన్ చేద్దామన్నా కుదరదు. నిప్పురవ్వ భయానికి గని లోపలికి ఫోన్ తీసుకుపోనివ్వరు. మా ఆవిడ తానూ వస్తానంది. ఇంటికి ఏమైనా ఫోన్ వస్తే ఎవరో ఒకరు ఉండాలని చెప్పి ఆమెను ఆపి, నేనొక్కణ్నే స్కూటర్ తీశాను.

గని ఆఫీసులో ఫోన్ దగ్గర ఉన్న కుర్రాడు నాకు తెలిసినవాడే. లోపల అందరూ బాగున్నారో లేదో ఒక్క మాట అడగమన్నాను. వాడు లోపలి లైన్ కలిపి చాలాసేపు అరిచి మాట్లాడాడు.

"లోపల ఏం కాలేదట కాక, ఫికర్ చెయ్యకు. మేడం దూరం జాగల ఉన్నదట. నువ్వొచ్చినవని చెప్పి పంపిన."

నాకు సగం ఊపిరే వచ్చింది. ఏం కాలేదని చెప్పింది ఎవరో, చూసింది ఎవరో. బిడ్డ గొంతు నేను వినలేదు. గని మూతి దగ్గర సిమెంటు దిమ్మె మీద కూర్చుని ఆ చీకటిలోకి చూస్తూ ఉండిపోయాను. ఎన్ని నగరాలు, ఎన్ని దేశాలు కూలిపోతుంటే ఆవలిస్తూ చదివాను! ఇప్పుడు ఆ చీకట్లో ఒక్క టోపీ దీపం కనిపించకపోతే నా లోకం అక్కడితో సరి. భయమేసింది, అంతకంటే వేరే మాట లేదు.

చివరికి మూడు దీపాలు పైకి వచ్చాయి. మధ్యలో నా బిడ్డ, అటొకరు ఇటొకరు కార్మికులు. ఆమె టిఫిన్ డబ్బా, సంచీ వాళ్ల చేతుల్లో ఉన్నాయి. దెబ్బ తగిలిందేమోనని లేచాను. కానీ ఆమె తన కాళ్ల మీదే నడుస్తోంది, చాలా మెల్లగా, నన్నే చూస్తూ. నాకు కళ్లనీళ్లు ఆగలేదు.

అప్పుడు గుర్తొచ్చింది నేను చేసిన పని. మా దగ్గర ఇంటి మనిషి బాయి దగ్గరికి, అంటే గని దగ్గరికి, రాడు. వచ్చాడంటే ఇంట్లో ఎవరో పోయారని అర్థం. ఫలానావాళ్లు వచ్చారని లోపలికి కబురు పంపుతారు, ఆ మనిషిని ఒంటరిగా రానివ్వకుండా సంచీ అందుకుని ఇద్దరు వెంట నడుస్తారు, ఇల్లు చేరేదాకా ఏం కాలేదనే చెబుతారు. నేనూ ఎందరి వెంటో అలా నడిచినవాణ్నే.

"అమ్మకు ఏమైంది బాపు?"

నేను ముందు కళ్లు తుడుచుకోబోయాను. ఆ కాస్త ఆలస్యమే ఆమెను చంపింది. ఉన్నచోటే కూలబడింది. నేను పక్కన కూర్చుని చేతులు పట్టుకున్నాను.

"అమ్మ మంచిగనే ఉన్నది బిడ్డ. భూకంపమొచ్చింది. నిన్ను చూద్దామనే వచ్చిన."

ఆమె నా తడి కళ్లనే చూసింది.

"బాయికాడ అందరు గట్లనే చెప్తరు బాపు."

వెంట వచ్చినవాళ్లు తలలు దించుకున్నారు. వాళ్లూ నన్ను నమ్మలేదు. లోపల వాళ్లకు నేల కదిలినట్టే తెలియలేదు మరి, చేరింది నేను వచ్చానన్న కబురొక్కటే. ఒట్టు వేశాను, ఆమె వినలేదు. ఇంటికి ఫోన్ కలిపి స్పీకర్ పెట్టాను. మోగి మోగి ఆగిపోయింది. బిడ్డ కళ్లు మూసుకుంది. మళ్లీ కలిపాను. కాలనీ అంతా అప్పటికి వాకిళ్లలోకి వచ్చిందట, మా ఆవిడ కూడా గేటు దగ్గర నిలబడిందట. రెండోసారి ఎత్తింది.

"బిడ్డ కనవడ్డదా?"

ఆ గొంతు వినగానే బిడ్డ నా చేతిలోంచి ఫోన్ లాక్కుంది. తిన్నవా అమ్మా అని అడిగింది. అటు మా ఆవిడ ఏడుస్తోంది. తిన్నవా, చెప్పు అని బిడ్డ మళ్లీ మళ్లీ అడిగింది, తిన్నానని వినేదాకా.

షిఫ్టు ఇంకా అయిపోలేదు. ఆమె లేచి మొహం తుడుచుకుంది, సంచీ, డబ్బా వాళ్ల దగ్గరి నుంచి తీసుకుంది. ఫోన్ నా చేతిలో పెట్టింది.

"ఇంకోసారి ఉత్తగ రాకు బాపు."

సరే అన్నాను. ఆమె వాళ్లిద్దరితో కలిసి లోపలికి దిగిపోయింది.